ఎత్తు గండం

దుబాయ్ ఇన్వెస్ట్‌మెంట్స్ పార్క్,
మార్చి 2023.

సత్యప్రసాద్ గారికి,

మీరు నా నంబరు బ్లాక్ చేశారు కాబట్టి కాగితం మీద రాస్తున్నాను. మీ కంపెనీ బస్సు నడిపే వెంకీ వారానికోసారి రువైస్‌లోని మీ సైటు నుంచి ఇక్కడి కూలీల క్యాంపుకి మనుషుల్ని తెచ్చి దింపుతాడు. ఈ కవరు అతని చేతికిస్తున్నాను. ఫోన్‌లో అయితే సగం మాటకే కట్ చేస్తారు. కాగితాన్ని చింపి పారెయ్యాలన్నా ముందు చేతిలోకి తీసుకోవాలి.

తమ్ముడి సంగతి మీకు అక్కర్లేకపోయినా చెబుతున్నాను. తుంటి ఎముక అతుక్కుంది. కర్ర పట్టుకుని నడుస్తున్నాడు. గొంతులో ఏ లోపమూ లేదని డాక్టరు చెప్పాడు. కాని పరంజా మీదనుంచి పడిన రోజు పోయిన మాట ఇంతవరకు రాలేదు. అంజీ అని పిలిస్తే చూస్తాడు. అన్నం పెడితే తింటాడు. అంతే. మీ చేతి కింద పనిచేస్తూ పడినవాణ్ణి ఆసుపత్రి నుంచి ఇక్కడి క్యాంపుకి పంపించేశారు. ఆ తరవాత ఒక్కసారైనా వచ్చి చూడలేదు.

ఆ రోజు ఆసుపత్రి వరండాలో నేను అడిగింది రెండే ప్రశ్నలు. ఇసుక గాలి అంతలా లేచిన పూట వాడు పైకి ఎందుకెక్కాడు? నడుముకి బెల్టు ఎందుకు లేదు? దానికి మీరిచ్చిన జవాబు నాకింకా వినిపిస్తూనే ఉంది. "ఆడికి ఎత్తు గండం ఉందే. అమ్మ చెప్పలేదా నీకు? రాసిపెట్టుంటే ఎవడు తప్పిత్తాడు?" అన్నారు. పక్కనున్నవాళ్ళు అయ్యో పాపం అన్నారు. అంజిని చూసి కాదు, మిమ్మల్ని చూసి.

అమ్మ నాకూ చెప్పింది. వాడు ఉయ్యాల్లో ఉండగా సోది చెప్పే ఆవిడ వచ్చి, ఈ పిల్లాడికి ఎత్తు నుంచి గండం ఉంది, కొబ్బరిచెట్టు ఎక్కనివ్వకండి అందట. చిన్నప్పుడు వాడు పిట్టగోడ ఎక్కినా మీరు చెవి మెలేసి దింపేవారు. ఆ గండాన్ని మనింట్లో అందరికంటే గట్టిగా నమ్మింది మీరే. అంత నమ్మినవారు, రాజోలులో బట్టల కొట్లో చీరలు మడతపెట్టుకుంటూ హాయిగా ఉన్నవాడికి వీసా తెప్పించి, తీసుకొచ్చి పరంజా పనిలో పెట్టారు. నేను అప్పుడే అడిగాను. నా కళ్ళముందు ఉంటాడు, నేను చూసుకుంటాను అన్నారు. చూసుకున్నారు.

ఆ రెండు ప్రశ్నలకీ జవాబు రాయండి. గండం కబుర్లు నాకొద్దు.

సత్యకుమారి


రువైస్,
ఏప్రిల్ 2023.

కుమారికి,

నన్ను మీరు, గారు అని రాస్తే కుంగిపోతాననుకున్నావేమో. ఫోర్‌మన్ని. పొద్దున్న లేచిన దగ్గర్నుంచి సార్ అనిపించుకుంటూనే ఉంటాను. నీ గారు నాకు ఎక్కువేమీ కాదు.

నాన్న పోయాక నిన్నూ వాణ్ణీ సాకింది నేను. నీ మొగుడు నిన్ను వదిలేసి పోతే, ఏ ఏజెంటు చేతిలోనూ పడకుండా మంచి ఇంట్లో పని చూసి దుబాయ్ రప్పించింది నేను. వాడు పడినప్పుడు చేతుల మీద ఎత్తుకుని అంబులెన్సు ఎక్కించింది కూడా నేనే. వాడి నెత్తురుతో చొక్కా నా ఒంటికి అంటుకుపోయింది. నువ్వు మర్నాడు వచ్చావు. వచ్చీ రాగానే మనవాళ్ళందరి ముందూ నన్ను హంతకుణ్ణి చేసి నిలబెట్టావు. నంబరు బ్లాక్ చెయ్యక పూజ చెయ్యమంటావా?

అడిగావు కాబట్టి విను. ఇక్కడి గాలి చెప్పి రాదు. వాడు పైకెక్కాక లేచింది. బెల్టు వాడే విప్పుకున్నాడు, పనికి అడ్డం వస్తోందని. కుర్రాళ్ళు అలాగే చేస్తారు, ఎంత చెప్పినా వినరు. వాడి రాత బాగాలేదు. ఖలాస్. ఇందులో నీకు అర్థం కానిది ఏముంది?

నాకు అర్థం కానిది ఒకటుంది. ఆదివారం వచ్చేసరికి నువ్వు వాణ్ణి నీ మేడమ్ ఇంటికి తీసుకెళ్ళి పాతకాలం మూగ సినిమాలు చూపిస్తున్నావట. వెంకీ ఒకసారి వాణ్ణి దింపడానికి వచ్చి గుమ్మంలోంచి చూశాడట. కళ్ళకి కాటుక పులుముకున్న తెల్లవాళ్ళు, గోడలంతా నీడలు, చావులు, నోళ్ళు తెరిచి మూయడం తప్ప ఒక్క మాట లేదు అన్నాడు. మాట పోయినవాడికి మాటల్లేని సినిమాలు చూపిస్తే మాట వస్తుందా? ఉన్న మతి కూడా పోతుంది. మానెయ్.

రంజాన్ వెళ్ళాక కంపెనీలో విచారణ ఉంది. లేబర్ ఆఫీసు మనిషి కూడా వచ్చి కూర్చుంటాడు. అంజి మాట్లాడనక్కర్లేదు. బెల్టు నువ్వే తీశావా అని అడుగుతారు. తల ఊపితే చాలు. ఆ తరవాత వాణ్ణి ఇంటికి పంపించి మంచి వైద్యం చేయిస్తాను. ఈలోగా వాడి బుర్రలోకి నువ్వేమీ ఎక్కించకు.

సత్యప్రసాద్


దుబాయ్ ఇన్వెస్ట్‌మెంట్స్ పార్క్,
మే 2023.

సత్యప్రసాద్ గారికి,

నేను పనిలో ఉండే రోజు చూసుకుని మీరు క్యాంపుకి వచ్చి వెళ్ళారు. ఎలా తెలిసిందో చివర చెబుతాను.

మా హెల్గా మేడమ్ వాళ్ళ దేశంలో సినిమా చరిత్ర పాఠాలు చెప్పి రిటైరైన మనిషి. కొడుకు ఉద్యోగం ఇక్కడ కాబట్టి ఇక్కడుంటోంది. వందేళ్ళ కిందట జర్మనీలో తీసిన మూగ సినిమాలు ఆవిడ దగ్గర చాలా ఉన్నాయి. గోడ మీద బొమ్మ నడుస్తుంటే పక్కన కూర్చుని పియానో వాయిస్తుంది. అంజిని మొదటిసారి తీసుకెళ్ళినప్పుడు నేను వంటింట్లోనే కూర్చోబెట్టాను. పియానో విని వాడే కర్ర పట్టుకుని హాల్లోకి వెళ్ళాడు. ఆవిడ కుర్చీ చూపించింది. క్యాంపులో ప్రతివాడూ మాట్లాడరా, ఒక్క మాటనరా అని వాడి వెంటపడతాడు. ఆ హాల్లో గోడ మీదవాళ్ళు కూడా మాట్లాడరు. ఎవరూ వాణ్ణి ఏమీ అడగరు. పడిన తరవాత వాడు స్థిమితంగా కూర్చుంటున్నది అక్కడే. మీకది పిచ్చిగా కనిపిస్తే నేనేం చెయ్యను?

మొన్న చూసింది ఒక వంతెన కాపలావాడి కథ. పడవలు వచ్చినప్పుడు వంతెన ఎత్తడం, మళ్ళీ దించడం అతని పని. వంతెన ఎత్తే చక్రం పక్కనే అతని ఇల్లు. ఒక రోజు పేకముక్కలతో జాతకం చెప్పే ఆవిడ వస్తుంది. అతని కొడుకు ముఖం చూడగానే ఆవిడ చేతిలోంచి ఒక ముక్క జారిపోతుంది. నల్ల పలక మీద తెల్ల అక్షరాలు పడ్డాయి. మేడమ్ చదివి చెప్పింది: "నీరు వీణ్ణి అడుగుతోంది." అంతే, ఆ తండ్రి మారిపోతాడు. నది వైపు కిటికీకి మేకులు కొట్టేస్తాడు. కొడుకుని బడి మానిపిస్తాడు. తల్లి చేతులు పట్టుకుని బతిమాలినా వినడు. వరద వస్తుంది. అందరూ గుట్ట మీదకి పరుగెత్తుతుంటే ఇతను కొడుకుని మేడ గదిలో పెట్టి తాళం వేసి, వంతెన ఎత్తడానికి వెళ్తాడు. నీళ్ళు మెట్లెక్కుతాయి. వంతెన మీదనుంచి చూస్తే మేకులు కొట్టిన కిటికీ అద్దం వెనక పిల్లవాడి ముఖం. ఇక అక్కణ్ణుంచి ఆ తండ్రి ముఖాన్నే చూపిస్తారు, చాలాసేపు. అతను అరవడు, ఏడవడు. జేబులో తాళంచెవి తడుముకుంటాడు.

నది ఆ పిల్లవాణ్ణి వెతుక్కుంటూ రాలేదు. గుట్ట మీదకి పరుగెత్తిన పిల్లలెవరికీ ఏమీ కాలేదు.

సినిమా అయ్యాక మేడమ్ తెరలు తీసింది. అంజి లేచి నిలబడ్డాడు. తన గడ్డాన్ని తన చేత్తోనే పట్టుకుని పైకీ కిందకీ ఆడించాడు. ఆగాడు. మళ్ళీ ఆడించాడు. చెయ్యి వాడిదే కాని, ఆ చెయ్యి ఆడిస్తున్నవాడి ముఖం వాడిది కాదు. కనుబొమలు దగ్గరకి లాగి, కింది పెదవి బిగబట్టి, అచ్చం మీరే. మేడమ్ మిమ్మల్ని ఎన్నడూ చూడలేదు. ఎవరీ మనిషి అని అడిగింది. మా అన్నయ్య అన్నాను.

మంచం మీద కూర్చోబెట్టి, గడ్డం పట్టుకుని, తల ఊపడం నేర్పి వెళ్ళారు. మన ఇంట్లో మేకపిల్లని కూడా ఎవరూ అలా పట్టుకోలేదు.

సత్యకుమారి


రువైస్,
మే 2023.

కుమారికి,

అవును, వచ్చాను. నేర్పాను. చేతనైనది చేసుకో.

నీ సినిమా కథ చదివాను. ఆ కాపలావాడు తాళం ఎందుకు వేశాడో నువ్వు ఎంత సులువుగా దాటేశావో చూసుకున్నావా? బిడ్డ బతకాలని వేశాడు. వంతెన ఎత్తడానికి ఎందుకు వెళ్ళాడు? సరదాకి వెళ్ళాడా? వెళ్ళకపోతే పైవాడు ఊరుకుంటాడా? మర్నాడు ఆ ఇల్లుంటుందా, ఆ ఉద్యోగముంటుందా? అవతల పడవలో ఉన్నవాళ్ళు మనుషులు కారా? వాడు రెండు చేతులతో ఎన్ని పట్టుకోవాలి? ఏసీలో కూర్చుని పియానో వింటూ, తాళం ఎవరు వేశారని అడగడానికి ఎవరికైనా నోరు వస్తుంది. ఎండలో నిలబడి నలభైమందితో పని చేయించి చూడు.

వెంకీ బస్సులో అంజిని నిన్ననే రువైస్ తెప్పించేశాను. విచారణ అయ్యేదాకా నా గదిలోనే ఉంటాడు. ఇక్కడికి రావాలంటే గేటు దగ్గర పాస్ కావాలి. అది నేను చెబితేనే ఇస్తారు. నేను చెప్పను.

ఇక ఉత్తరాలు రాయకు. వెంకీకి వేరే పనులున్నాయి.

సత్యప్రసాద్


దుబాయ్ ఇన్వెస్ట్‌మెంట్స్ పార్క్,
జూన్ 2023.

మీకు,

ఏమని పిలవాలో తోచక ఇలా మొదలుపెట్టాను.

ఆదివారం క్యాంపుకి వెళ్తే వాడి మంచం మీద ఎవరో నేపాలీ కుర్రాడు పడుకుని ఉన్నాడు. వాడి గ్లాసు, దువ్వెన కిటికీలోనే ఉండిపోయాయి. వాటిని కొంగులో కట్టుకుని వచ్చాను.

కోపంలో మీరు ఒక నిజం రాసేశారు, చూసుకున్నారో లేదో. ఇంతవరకు గాలి అన్నారు, బెల్టు అన్నారు, రాత అన్నారు. పోయిన ఉత్తరంలో మొదటిసారి పైవాడు అన్నారు. వెళ్ళకపోతే పైవాడు ఊరుకుంటాడా అన్నారు. ఆ వంతెన కథలో పైవాడు లేడు. నేను రాయలేదు. ఆ మాట మీ దగ్గర నుంచే వచ్చింది.

ఎవరు ఆ పైవాడు? వాడు పడిన వారం మీకు షట్‌డౌన్ నడుస్తోంది. ప్లాంటు ఆపేసి మరమ్మతులు చేసే రోజుల్లో ఒక్క పూట ఆలస్యమైనా పెద్దలు ఊగిపోతారని మీరే నాతో చెప్పేవారు. ఆ పూట మిమ్మల్ని తరిమింది మీ మేనేజరు, మీరంతా ముదీర్ అని పిలిచే ఫైజలేనా? ఆయన మిమ్మల్ని తరిమితే మీరు వాణ్ణి తరిమారా? గాలి ముందు లేచిందా, వాడు ముందు ఎక్కాడా?

వాడి చేత తల ఊపించి చూడండి. ఆ మర్నాడే నేను మేడమ్‌ని వెంటబెట్టుకుని లేబర్ ఆఫీసుకి వెళ్తాను. మా అన్న అబద్ధం చెప్పించాడని మీ ముఖం మీదే చెబుతాను. నాకు మీరు ఇప్పించిన ఉద్యోగం పోతే పోతుంది.

సత్యకుమారి


రువైస్,
జూలై 2023.

సత్యకుమారికి,

నీ కోరిక తీరింది. ఎలా తీరిందో నువ్వు వినాలి కదా. విను.

సైటు ఆఫీసులో పెట్టారు. లేబర్ ఆఫీసు మనిషి అరబ్బు, పెద్దవాడు. ఆయన పక్కన మా మాటలు ఆయనకి చెప్పడానికి ఒక కుర్రాడు. ముదీర్ ఫైజల్, సేఫ్టీ చూసే మలయాళీ, ఆ రోజు కింద తాడు పట్టుకున్న హయాత్ బాషా, నేను. అంజిని నా పక్కనే కూర్చోబెట్టుకున్నాను. పొద్దున్న వాడికి నేనే గడ్డం గీశాను. మంచి చొక్కా వేశాను. అదీ రాసుకో.

బెల్టు నువ్వే విప్పావా అని అడిగారు. వాడు తల ఊపలేదు. మళ్ళీ అడిగారు. ఊపలేదు. కర్రని కుర్చీకి ఆనించి లేచి నిలబడ్డాడు.

నడుముకి బెల్టు కట్టుకున్నట్టు కట్టుకున్నాడు. కొక్కెం లాగి చూసుకున్నాడు. ఒక చెయ్యి తరవాత ఒక చెయ్యి వేస్తూ పైకెక్కాడు. నేల మీదే నిలబడి ఎక్కాడు, కాని గదిలో ఉన్న అందరి తలలూ పైకి లేచాయి. గాలి వచ్చింది. మోచెయ్యి కళ్ళకి అడ్డం పెట్టుకుని పైపుకి అతుక్కుపోయాడు. దిగొచ్చేశాడు. దిగి, పక్కకి ఒక అడుగు వేసి, ఇటు తిరిగి, కింద నిలబడ్డ మనిషైపోయాడు. ఒక చెయ్యి నడుం మీద. రెండో చెయ్యి పైకి పో, పో అని. మళ్ళీ వాడైపోయి బెల్టు తాడు చూపించాడు. చివరి పైపు దాకా అందడం లేదని, లాగి లాగి చూపించాడు. మళ్ళీ కింద మనిషి. రెండు వేళ్ళు కలిపి విడదీశాడు. కొక్కెం తీసెయ్ అని. అప్పుడు బెల్టు విప్పి పక్కన పెట్టి, మళ్ళీ ఎక్కాడు. ఆ తరవాతది చూపించలేదు. చేతులు వదిలేసి నిలబడ్డాడు.

మాటలు మార్చి చెప్పే కుర్రాడు నోరు తెరవలేదు. ఎవరికీ అవసరం పడలేదు. నీ మేడమ్ చూసి ఉంటే చప్పట్లు కొట్టేది.

కింద ఉన్నవాడెవరు అని ఆ పెద్దాయన అడిగాడు. నేను వాడికి చెయ్యి చాపితే అందేంత దగ్గర్లో ఉన్నాను. ఒక్క వేలు చూపిస్తే అయిపోయేది. వాడు నా వైపు చూడలేదు. కూర్చుని కర్ర వెతుక్కున్నాడు. అప్పుడు హయాత్ బాషా లేచాడు. "ఫోర్‌మన్ సాబ్ బోలా. రస్సీ మైఁనే పకడా థా" అన్నాడు. చెప్పింది ఫోర్‌మన్, తాడు పట్టుకున్నది నేను అని. ముదీర్ వెంటనే, తనకేమీ తెలియదన్నాడు. గాలిలో మనుషుల్ని ఎక్కించమని తానెన్నడూ చెప్పలేదని, అది పూర్తిగా ఫోర్‌మన్ నిర్ణయమని అన్నాడు. నన్ను ఏమైనా చెప్పుకుంటావా అని అడిగారు. లేదన్నాను.

ఉద్యోగం తీసేశారు. కాగితాలు పూర్తవగానే వీసా రద్దు చేసి, ఎగ్జిట్ ముద్ర కొట్టి ఇంటికి పంపించేస్తారట. అంజిని మళ్ళీ నీ వైపు క్యాంపుకే పంపించారు. సంతోషమా? అందరి నోళ్ళూ మూయించి నీ మూగ సినిమా గెలిచింది.

నా రాత ఇలా ఉంది. పోతాను.

సత్యప్రసాద్


దుబాయ్ ఇన్వెస్ట్‌మెంట్స్ పార్క్,
ఆగస్టు 2023.

అన్నయ్యకు,

సంతోషమా అని అడిగావు. కాదు. ఆ రెండు వేళ్ళు కలిపి విడదీయడం దగ్గర ఆగి, మళ్ళీ మొదటికి వెళ్ళి చదివాను. అది మన ఇంట్లో చిన్నప్పుడు చొక్కా గుండీ విప్పుకోమని నువ్వు మాకు చూపించే సైగ. వాడికి ఆ సైగ అర్థం కాక తప్పదు. నువ్వు చెప్పావు కాబట్టి వాడు విప్పాడు. నేనున్నా విప్పేదాన్ని.

ఇది నేను మరిచిపోతానని అనుకోకు. అమ్మకి నేనే చెబుతాను, నీ మాటల్లో కాదు, నా మాటల్లో.

హయాత్ బాషా నాకు ఫోన్ చేశాడు. నీ గురించి మంచిగా చెప్పడానికి చెయ్యలేదు. కడప మనిషి, ఉన్నదున్నట్టు మాట్లాడతాడు. ఆ పూట ముదీర్ ఫైజల్ నీ వెనకే నిలబడి ఉన్నాడట. అంజి దిగిరావడం చూసి నీ మీద అరిచాడట. అతని మాటలే రాస్తున్నాను. "మాపటికి పని కాకుంటే నీ గ్యాంగును మొత్తం ఇంటికి తోలిస్తా అన్యాడమ్మా. మీ అన్న రెండుసార్లు గాలి సార్, గాలి సార్ అన్యాడు. మూడోతూరి అనలేదు." అతన్ని విచారణలో ఫోర్‌మన్ గురించే అడిగారట, ముదీర్ గురించి ఎవరూ అడగలేదట. నువ్వు చెబుతావేమోనని నీ ముఖమే చూస్తూ కూర్చున్నాడట. నువ్వు లేదు అన్నావు.

ఎందుకన్నావు? తమ్ముడికి లేని భయం నీకెందుకు? నీ ఉద్యోగం ఎలాగూ పోయింది. ఇంకా ఎవరిని కాపాడుతున్నావు?

మేడమ్‌ని నేనొకసారి అడిగాను, మీవాళ్ళు సినిమాల్లో విధినే ఎందుకంత పట్టుకుని వేలాడారని. ఆవిడ పియానో ఆపి చెప్పింది. అప్పుడే పెద్ద యుద్ధంలో ఓడిపోయారట. ప్రతి ఇంట్లోనూ ఒక కొడుకో మొగుడో పోయాడట. వాళ్ళని యుద్ధానికి పంపించినవాళ్ళు బతికే ఉన్నారు, పెద్ద పెద్ద ఇళ్ళల్లో ఉన్నారు. వాళ్ళ గుమ్మం ముందుకెళ్ళి అడిగే ధైర్యం ఎవరికీ లేదు. అందుకని నల్ల కోటు తొడిగి, విధి అని పేరు పెట్టి, తెర మీద నిలబెట్టి చూసుకున్నారట. ఆవిడ తాత కూడా ఆ యుద్ధంలోనే పోయాడట.

నువ్వు చేస్తున్నది అదే. నా రాత అని సంచీ సర్దుకుని విమానం ఎక్కెయ్. అదే పరంజా మీదకి రేపు ఇంకెవరి తమ్ముడో ఎక్కుతాడు. కింద ఇంకో ఫోర్‌మన్ ఉంటాడు. ముదీర్ మాత్రం మారడు. ఇన్నాళ్ళూ నువ్వు క్రూరుడివి అనుకున్నాను. వట్టి పిరికివాడివని ఇప్పుడు తెలిసింది. క్రూరుడివైతేనే నయంగా ఉండేది.

కుమారి


ముసఫ్ఫా, అబుదాబి,
అక్టోబర్ 2023.

కుమారికి,

పిరికివాడు అని రాసిన ఉత్తరం చింపేశాను. రెండు నెలలు నీకేమీ రాయకూడదనుకున్నాను. ఇప్పుడు రాస్తున్నది కూడా అంజికి చెప్పాల్సింది ఉంది కాబట్టి.

టికెట్ వచ్చింది. ఎయిర్‌పోర్టుకి వెంకీ బస్సులోనే ఎక్కించారు. నన్ను సాగనంపడానికి పాతికమంది గదుల్లోంచి కిందకి వచ్చారు. నాతో చెయ్యి కలపాలో వద్దో వాళ్ళకి తెలియలేదు. అప్పుడు ముదీర్ ఫైజల్ ఆఫీసులోంచి బయటికి వచ్చాడు. అందరి ముందూ నా భుజం మీద చెయ్యి వేశాడు. "నసీబ్ హై ప్రసాద్ భాయ్. లిఖా హువా థా. కోయీ క్యా కరే" అన్నాడు. నిజంగా జాలిగానే అన్నాడు. నువ్వు నమ్మవు, కాని ఆయన కళ్ళలో నీళ్ళు కూడా ఉన్నాయి.

తల రాతరా ప్రసాదూ, ఎవడేం చేస్తాడు అని. నేను ఇన్నాళ్ళూ అనుకుంటున్నదే. నాలో నేను అనుకున్నప్పుడు దాని మీద కాస్త నిద్ర పట్టేది. ఆయన నోట విన్నాక, ఈయనకి ఈ మాట ఇచ్చింది నేనే అనిపించింది. విచారణలో లేదు అన్నప్పుడు ఇచ్చాను.

బస్సు ముసఫ్ఫా దాటుతుంటే ఆపమన్నాను. "ఫ్లైటు పోద్దన్నా" అన్నాడు వెంకీ. పోనియ్యరా అన్నాను. సంచీ తీసుకుని దిగిపోయాను.

లేబర్ ఆఫీసుకి వెళ్ళాను. ఆ పూట ఎవరు ఎక్కడ నిలబడ్డారో, ఎవరు ఏమన్నారో మొదటి నుంచి చెప్పాను. ముదీర్ పేరు చెప్పాను. వేళ్ళ సైగ కూడా చెప్పాను. దీనివల్ల నా తప్పు తగ్గదని అక్కడి మనిషి ముందే చెప్పాడు. తగ్గించమని రాలేదన్నాను. హయాత్ బాషా వచ్చి సాక్ష్యం చెబుతానన్నాడు. వాడికీ ఉద్యోగం పోవచ్చు. కేసు తేలేదాకా దేశం వదలకూడదన్నారు. ఇక్కడున్న అమలాపురం వైపు వాళ్ళు తమ గదిలో నేల మీద చోటిచ్చారు. పని లేదు. పగలంతా మెట్ల మీద కూర్చుంటున్నాను.

నీ ఉత్తరం చదివి చేశానని ఊళ్ళో చెప్పుకోకు. నీ మేడమ్ గారి తాత కథ విని అంతకంటే కాదు. ఆసుపత్రి వరండాలో నువ్వు నన్నన్న మాటలు అలాగే ఉన్నాయి. అవి నిజమైనా సరే, అక్కడ, వాడి నెత్తురంటిన చొక్కా నేనింకా మార్చుకోకముందే అనాల్సినవి కావు.

వచ్చే ఆదివారం అంజిని చూడటానికి క్యాంపుకి వస్తాను. ఈ ఉత్తరం ముందు వాడి చేతికివ్వు. నేను వచ్చే పూట నువ్వు అక్కడ ఉండకు. మీ ఇద్దరి ముఖాలూ ఒకేసారి చూసే ఓపిక నాకు లేదు.

సత్యప్రసాద్


దుబాయ్ ఇన్వెస్ట్‌మెంట్స్ పార్క్,
అక్టోబర్ 2023.

అన్నయ్యకు,

ఆదివారం నాకున్న ఒకే ఒక్క సెలవు. నీ కోసం మానుకోను. వాడికి చేపల పులుసు తెస్తానని చెప్పాను, తెస్తాను. నువ్వు రా. నన్ను చూడలేకపోతే గోడ వైపు తిరిగి కూర్చో.

ముదీర్ కేసు ఏమవుతుందో నాకు తెలియదు. ఓడిపోతామనే అనుకుంటున్నాను. హయాత్ బాషాకి పని పోతే మేడమ్ కొడుకుని అడిగి చూస్తాను. నిన్ను మాత్రం నేను క్షమించలేదు. బస్సు దిగినందుకు క్షమించాలని ఎవరైనా అంటే వాళ్ళతోనూ మాట్లాడను.

నీ ఉత్తరం వాడి చేతికిచ్చాను. మంచం మీద కూర్చుని మెల్లగా చదువుకున్నాడు. చదివి మడత పెట్టాడు. పెట్టి ఒక మాట అన్నాడు.

అవును, నోటితోనే. బొంగురు గొంతు. వాడి గొంతు నేనే పోల్చుకోలేకపోయాను, గదిలో ఇంకెవరో అన్నారనుకుని వెనక్కి తిరిగాను. మళ్ళీ అన్నాడు. ఆ తరవాత ఇంతవరకు ఇంకేమీ మాట్లాడలేదు.

ఏమన్నాడో నేను రాయను. అది నాకు చెప్పిన మాట కాదు. వచ్చి నీ చెవులతో విను. వినడానికి బాగుండదు. అయినా రా.

కుమారి